హ్యూగోను తెలుగు చేయబోతున్న మాధవికి

గుంటూరు

చిరంజీవి మాధవికి పెద్దమ్మ ఆశీస్సులు. ఇక్కడ అందరం క్షేమం.

మీ అమ్మ ఫోను చేసి చెప్పింది. ఫ్రెంచి రచయిత విక్టర్ హ్యూగో ‘లే మిజరాబ్ల్’ నవలను మొదటినుంచి చివరిదాకా తెలుగులోకి తెస్తానంటున్నావట. అందుకోసం బ్యాంకు ఉద్యోగానికి రాజీనామా ఇచ్చే ఆలోచన కూడా ఉందట. అది విన్నప్పటి నుంచి నాకు కాలు ఒకచోట నిలవలేదు. మన ఇంటి పిల్ల ఇంత పెద్ద పని తలకెత్తుకుందని పక్కింటివాళ్లకు కూడా చెప్పుకున్నాను. రాత్రయ్యేసరికి భయం పట్టుకుంది. ఫోనులో చెబితే ‘సరే పెద్దమ్మా, సరే’ అంటూ దాటేస్తావు. అందుకే ఉత్తరం.

ముందు చిన్న సంగతులు. ఉద్యోగం మానొద్దు. అది 365 అధ్యాయాల పుస్తకం. పొద్దున్నే గంటసేపు కూర్చునేవాళ్లకే ఒడ్డు కనిపిస్తుంది. చేసినంత మేరకు రెండు చోట్ల దాచుకో. మనుషుల పేర్లు, వీధులు, నాణేలు మొదటిసారి ఎలా రాశావో ఒక నోటుపుస్తకంలో పెట్టుకో. అలియాన్స్ ఫ్రాన్సేజ్‌లో చేరిన ఫ్రెంచి క్లాసులు ఏ కారణంతోనూ ఆపకు.

ఇక నాకు కోపం తెప్పించిన మాట. ‘పాత ఇంగ్లీషు అనువాదం ఇంటర్నెట్‌లో ఊరికే దొరుకుతోంది, ఫ్రెంచి అర్థం కానిచోట అదే చాలు’ అన్నావట. ఎందుకు ఊరికే దొరుకుతోందో ఎప్పుడైనా ఆలోచించావా? ఇజబెల్ హ్యాప్‌గుడ్ దాన్ని 1887లో చేసింది. ఆవిడ 1928లో పోయింది, హక్కులు ఎప్పుడో తీరిపోయాయి. మూల రచయితకు ఉన్నట్టే అనువాదకులకూ హక్కు ఉంటుంది. మన దేశంలో ఆ మనిషి పోయాక కూడా 60 ఏళ్లు నడుస్తుంది. అందుకే ఖర్చు లేకుండా దొరికేవన్నీ పాతవి అయి ఉంటాయి. జూలీ రోజ్ 2008లో, క్రిస్టీన్ డొనహర్ 2013లో చేసిన పూర్తి అనువాదాలు కొనుక్కుంటేనే వస్తాయి. కొనుక్కో. డబ్బు నేను పంపుతాను. అయితే వాటిని ముందు పెట్టుకుని వాక్యం వెంట వాక్యం తెలుగు చేసేయకూడదు. అలా చేయాలంటే ప్రచురణకర్త అనుమతి కావాలి. ఫ్రెంచి పుస్తకం నీ ఎదుట ఉండాలి, ఈ ఇద్దరూ నీకు చెరో పక్కన ఉండాలి. హ్యాప్‌గుడ్‌నీ పారేయకు. మొత్తం ముగ్గురు. ముగ్గురూ ఒకే మాట చెబితే ముందుకు నడువు. ఎక్కడైనా తేడా వస్తే ఆగి మూలం చూడు.

ఇంత గట్టిగా ఎందుకు చెబుతున్నానో తెలియాలంటే నీకు మా కాలేజీ చరిత్ర మాస్టారి సంగతి తెలియాలి. ఆయన పేరు రాయను. ఆయన పిల్లలు ఇక్కడే ఉన్నారు.

ఆయనకు జూల్ వెర్న్ అంటే ప్రాణం. ‘మిస్టీరియస్ ఐలాండ్’ను ఒక పిల్లల మాసపత్రికకు సీరియల్‌గా తెలుగు చేశారు. అందులో చివర, జలాంతర్గామిలో బతికే కెప్టెన్ నెమో ఎవరో బయటపడుతుంది. అతను మనవాడు! బుందేల్‌ఖండ్ రాజకుమారుడు దక్కార్. పదేళ్ల వయసులో చదువుకోసం యూరప్ వెళ్లి, తిరిగొచ్చి, 1857 తిరుగుబాటులో ముందు వరుసలో నిలబడి పోరాడి, ఓడి, సముద్రం కిందికి వెళ్లిపోయిన మనిషి. ఒక ఫ్రెంచి రచయిత 1875కల్లా అటువంటి వీరుణ్ణి మన దేశంలో వెతుక్కున్నాడంటే మా మాస్టారు పొంగిపోవలసింది. కానీ ఆయన చేతిలో ఉన్న ఇంగ్లీషు పుస్తకంలో ఇంకోలా ఉంది. ఇంగ్లీషువాళ్లు భారతీయులను అరాచకం నుంచి, ఎడతెగని యుద్ధాల నుంచి బయటపడేసి శాంతి సౌభాగ్యాలు ఇచ్చారని, అజ్ఞానం, మూఢనమ్మకాలు నిండిన జనం కుట్రదారులైన నాయకుల చేతిలో పనిముట్లయ్యారని ఉంది. మాస్టారు దాన్ని ఉన్నదున్నట్టు తెలుగు చేశారు. ఆ నెల సంచికలో ఒక ముందుమాట కూడా జోడించారు. వెర్న్ ఎంత గొప్ప కథకుడైనా తెల్లదొరల అహంకారం దాటలేకపోయాడని, పిల్లలు ఇటువంటి రాతలను జాగ్రత్తగా చదవాలని హెచ్చరించారు. క్లాసుల్లో కూడా ఆ ఉదాహరణే చెప్పేవారు. నేనూ విని తల ఊపాను.

ఆ వాక్యాలు వెర్న్‌వి కావు. 1875లోనే లండన్‌లో డబ్ల్యు.హెచ్.జి. కింగ్‌స్టన్ పేరుతో వచ్చిన అనువాదంలో చేరిన మాటలవి. బ్రిటిష్ పాఠకులకు రుచించని కోపాన్ని తీసేసి, ఆ చోట తమకు నచ్చిన చరిత్ర పెట్టారు. ఎక్కడా ఒక్క గుర్తు లేదు. దశాబ్దాల పాటు ఇంగ్లీషు చదివే లోకానికి ఎక్కువగా తెలిసిన వెర్న్ అదే. 2001లో సిడ్నీ క్రావిట్జ్‌ది, జోర్డన్ స్టంప్‌ది రెండు కొత్త అనువాదాలు వచ్చాయి. అందులో ఒకటి నా చేతికి వచ్చినప్పుడు పాతదాన్ని పక్కన పెట్టుకుని చూశాను. నెమో కోపం నెమోకు తిరిగొచ్చింది.

చెప్పాలా వద్దా అని చాలా రోజులు తటపటాయించాను. మాస్టారు అప్పటికి రిటైరయ్యారు, చక్కెరవ్యాధి కళ్లను పట్టుకుంది. చివరికి తీసుకెళ్లి ఆ అధ్యాయం నేనే చదివి వినిపించాను. ఆయన మధ్యలో ఒక్క మాట కూడా అడ్డం రాలేదు. అయిపోయాక, ‘మనకోసం పోట్లాడినవాణ్ణి మన పిల్లల చేతే తిట్టించానమ్మా’ అన్నారు. మళ్లీ మొత్తం చేయాలన్నారు. ఎవరైనా చదివిపెడితే నోటితో చెబుతానన్నారు. నేను కొన్ని సాయంత్రాలు వెళ్లాను. కొంత రాశాం. అది పూర్తి కాకుండానే పోయారు. ఆ పత్రిక అంతకు ముందే మూతపడింది కాబట్టి దిద్దుబాటు వేసుకునే చోటు కూడా లేకపోయింది.

అందుకే, మాధవీ, తప్పుగా అనువదించిన మాట కంటే నాకు మాయమైన పేజీ అంటే భయం. తప్పు మాట చదివేవాడి పంటికింద రాయిలా తగులుతుంది, ఎవడో ఒకడు పట్టుకుంటాడు. పేజీ లేకపోతే లేదని ఎవరికి తెలుస్తుంది?

నువ్వు చేయబోయే పుస్తకానికే ఈ గతి పట్టింది. అమెరికా అంతర్యుద్ధం జరుగుతున్న రోజుల్లో, 1863–64లో, బానిసత్వాన్ని కాపాడుకోవడానికి పోరాడుతున్న దక్షిణాది రాష్ట్రాల రాజధాని రిచ్మండ్‌లో హ్యూగో నవలను అచ్చువేశారు. బానిసత్వాన్ని తప్పుపట్టే వాక్యాలు తీసేశామని ముందుమాటలో చెప్పుకున్నారు కూడా. దీనుల కోసం రాసిన పుస్తకంలోంచి అందరికంటే దీనులైనవాళ్లను తీసేసి, మిగిలిన కథను సైనికులకు ఇచ్చారు! తలుచుకుంటే ఇప్పటికీ నాకు ఒళ్లు మండుతుంది. నార్మన్ డెన్నీ 1976లో చేసిన అనువాదం అంత పాపం చేయలేదు. చదవడానికి హాయిగా ఉంటుంది. కానీ క్రైస్తవ సన్యాసినుల మఠాల గురించి ఒకటి, దొంగలు వాడే రహస్యభాష గురించి ఒకటి, రెండు భాగాలను ఆయన చివరికి తోసి అనుబంధాలు చేశాడు, మరికొన్నిచోట్ల కుదించాడు. ఆ సంగతి దాచకుండా రాశాడు కాబట్టి గౌరవిస్తాను. అనుసరించవద్దని మాత్రం నీకు చెబుతాను.

రేపు నీ ప్రచురణకర్త కూడా ఇదే అడుగుతాడు. కాగితం ధర చూపిస్తాడు. ‘ఈ వాటర్లూ యుద్ధం ఎవరు చదువుతారమ్మా? ఈ మురుగుకాలువల చరిత్ర ఎందుకు?’ అంటాడు. ఏం చెప్పాలో ఇప్పుడే నేర్చుకో. వాటర్లూ అధ్యాయాల చివర, శవాల మధ్య జేబులు కొట్టే తెనార్దియే కనిపిస్తాడు. కథలోని యువకుడు మారియస్ తండ్రికి, ఆ దొంగకు ముడి అక్కడే పడుతుంది. మురుగుకాలువ సంగతీ అంతే. పొలాలకు ఎరువు కావలసిన సంపదను పారిస్ సముద్రంలో పారబోస్తోందని హ్యూగో అధ్యాయాల కొద్దీ చెప్పాకే, ఆ బురదలో కథానాయకుడు ఝా వల్ఝా మారియస్‌ను భుజాన వేసుకుని నడుస్తాడు. ముందుది తీసేస్తే వెనకది ఉత్త సాహసకథ అయిపోతుంది. ఒప్పందం మీద సంతకం చేసే ముందే, నీ రాతపూర్వక అనుమతి లేకుండా ఒక్క పేరా కూడా తీయకూడదని రాయించుకో. మొహమాటపడకు.

పెద్దవాళ్లే ప్రచురణకర్త ఒత్తిడికి లొంగారు. సిమోన్ ద బోవార్ స్త్రీల గురించి 1949లో రాసిన ‘సెకండ్ సెక్స్’ను 1953లో పార్ష్‌లీ అనే జంతుశాస్త్ర ఆచార్యుడు ఇంగ్లీషు చేశాడు. ప్రచురణకర్తలు కుదించమన్నారు. పదోవంతుకు తగ్గకుండా పోయింది, చరిత్ర భాగంలో ఎందరో స్త్రీల పేర్లు పోయాయి. ఆ పుస్తకం నుంచే నేను ఏళ్ల తరబడి పాఠం చెప్పాను. 1983లో మార్గరెట్ సైమన్స్ అనే అధ్యాపకురాలు ఏమేం పోయిందో లెక్కతేల్చి బయటపెట్టింది. పూర్తి అనువాదం రావడానికి 2009 దాకా పట్టింది. బోవార్ 1986లోనే కన్నుమూసింది. ఆ కొత్తదాన్ని కూడా, వాక్యం మొరటుగా నడుస్తోందని, చోట్లచోట్ల భావం చెడిందని తెలిసినవాళ్లు తప్పుపట్టారు. కాబట్టి కొత్తదనే పేరు చూసి కూడా మురిసిపోవద్దు. ఒక్కోసారి కొత్తవి వరసగా రావడానికి కారణం హక్కులు తీరిపోవడమే. తత్వవేత్త విట్‌గెన్‌స్టైన్ 1951లో పోయాడు, యూరప్‌లో ఉండే 70 ఏళ్ల గడువు 2021తో ముగిసింది, 2023–24లో ఆయన ‘ట్రాక్టాటస్’కు కొత్త ఇంగ్లీషు అనువాదాలు ఒకదాని వెంట ఒకటి వచ్చాయి. ఏ అనువాదమైనా ముందుమాట చదువు. ఏ ప్రతి నుంచి చేశారు, ఏం వదిలారు అన్నది అక్కడ చెప్పకపోతే ఆ పుస్తకాన్ని నమ్మకు.

కళ్ల సంగతి. దీన్ని చిన్న విషయాల్లో కలపలేదు, గమనించు. కాన్‌స్టన్స్ గార్నెట్ రష్యన్ సాహిత్యాన్ని దాదాపు 70 సంపుటాలు ఇంగ్లీషు చేసింది. టాల్‌స్టాయ్ ‘యుద్ధము–శాంతి’ చేస్తుండగా చూపు దెబ్బతింది. ఆ తర్వాత పక్కన ఒకరు చదువుతుంటే విని, నోటితో చెప్పి రాయించింది. మాస్టారి పక్కన కూర్చుని ఆ పని ఎంత కష్టమో నేను చూశాను. నువ్వు పగలంతా బ్యాంకులో కంప్యూటర్ చూసి, రాత్రి మళ్లీ అదే వెలుగులో కూర్చుంటావు. పని మొదలుపెట్టక ముందే కంటి డాక్టరుకు చూపించుకో. ఫ్రెంచి పుస్తకం అచ్చుప్రతి తెప్పించుకో, ఫోనులో చదవకు. చూపించుకున్నావో లేదో మీ అమ్మను అడిగి తెలుసుకుంటాను.

నీకు ఈ బుద్ధి ఎక్కడినుంచి వచ్చిందో నాకు తెలుసు. మీ అమ్మమ్మ చిత్తూరు నాగయ్య గారి ‘బీదల పాట్లు’ చూసింది, 1950లో వచ్చిన సినిమా. ఆ కథకు మూలం ఈ నవలే. వెండి సామాను ఎత్తుకుపోయినవాణ్ణి పట్టుకొస్తే, ‘నేనే ఇచ్చాను’ అని కాపాడిన పెద్దమనిషి కథ కరెంటు పోయిన రాత్రుల్లో మాకు చెప్పేది, తర్వాత నీకూ చెప్పింది. రాసినవాడి పేరు ఆవిడకు తెలియదు. ఆ పెద్దమనిషి ఒక బిషప్ అని, ఆయన గురించి మూలంలో 14 అధ్యాయాలున్నాయని, అవన్నీ అయ్యాకే వెండి ఎత్తుకుపోయే ఝా వల్ఝా ఊళ్లో అడుగుపెడతాడని కూడా తెలియదు. కుదించేవాళ్లందరూ మొదట తీసేసేది ఆ 14 అధ్యాయాలే. వాటిలోనే, చావుకు దగ్గరైన ముసలి విప్లవకారుణ్ణి మందలించడానికి వెళ్లిన బిషప్ చివరికి మోకరిల్లి అతని ఆశీర్వాదం అడుగుతాడు. పుస్తకం మొత్తంలో నాకు ఎక్కువ ఇష్టమైన చోటు అది. తెలుగులో నీ చేతి మీదుగా చదవాలని ఉంది.

అందుకని అక్కడే మొదలుపెట్టు, కథ ఊపందుకునే చోటుకు దూకకు. ఆ 14 అధ్యాయాలు అయ్యాక పెద్ద అక్షరాల్లో ప్రింటు తీయించి పోస్టులో పంపు. డొనహర్ పుస్తకం పక్కన పెట్టుకుని పెన్సిల్‌తో చూస్తాను. ఏదైనా వాక్యం వదిలేశావంటే, ఎందుకు వదిలావో రాయాల్సి ఉంటుంది.

ప్రేమతో,
నీ పెద్దమ్మ