టెక్ సందేహాలు: ఫ్యాక్షన్ మారిస్తే ముగింపు మారుతుందా?

ఈసారి ప్రశ్నలన్నీ సైన్స్ ఫిక్షన్ స్ట్రాటజీ గేముల గురించే. ఫ్యాక్షన్ అంటే ఆటలో మనం ఎంచుకునే పక్షం. జవాబుల్లో కథల ముగింపులు బయటపెట్టక తప్పలేదు. మీరింకా ఆడని గేమ్ పేరు కనబడితే ఆ జవాబు దాటేయండి.

ప్రశ్న: 1999 నాటి హోమ్‌వరల్డ్ మొదటిసారి కుషాన్‌తో, రెండోసారి తైడాన్‌తో పూర్తి చేశాను. కథ, మిషన్లు, ముగింపు ఏదీ మారలేదు. ఇన్‌స్టాల్ చేయడంలో ఏదైనా పొరపాటు జరిగిందా? (గుంటూరు)

పొరపాటేం లేదు. ఆ గేమ్‌లో పక్షం ఎంపిక నౌకల రూపురేఖలకే పరిమితం. మీరు తైడాన్ అయితే శత్రువు కుషాన్ నౌకల్లో వస్తాడు, అంతే. ఇల్లు పోగొట్టుకుని సొంత గ్రహం వెతుక్కుంటూ వెళ్లే కథ ఎవరికైనా ఒకటే, 16 మిషన్లూ అవే. చెప్పుకోదగ్గ తేడా ఒక్కో పక్షానికి ఉన్న సొంత నౌకల్లోనే ఉంది: కుషాన్‌కు కనబడకుండా తిరిగే ఫైటర్, డ్రోన్ ఫ్రిగేట్, తైడాన్‌కు డిఫెన్స్ ఫైటర్, డిఫెన్స్ ఫీల్డ్ ఫ్రిగేట్. వాటితో ఆడే తీరు కాస్త మారుతుంది గానీ ముగింపు కోసమే రెండోసారి ఆడితే మాత్రం సమయం వృథా.

రెండోసారి మొదలుపెట్టే ముందు ఆ గేమ్‌లో ముగింపు ఎక్కడ తేలుతుందో చూసుకోండి. డ్యూన్ 2 (1992)లో తొలి మెనూలోనే తేలిపోతుంది: అట్రీడిస్, హార్కొనెన్, ఆర్డోస్ మూడింటికీ తొమ్మిదేసి మిషన్లు, ఎవరి ముగింపు వారిది. కొన్ని గేముల్లో నడుమ వచ్చే ఒక మిషన్‌లో, కొన్నింట్లో ఆఖరి మిషన్‌లో తేలుతుంది. ఇంకొన్నింట్లో కథ పేరుకే ఉంటుంది. ఏ పద్ధతిలో గెలిచారన్నదే ముగింపు. ఈ చివరి రకంలోనే జనం ఎక్కువగా తికమకపడతారు.

ప్రశ్న: కమాండ్ అండ్ కాంకర్ మొదటి భాగంలో నాడ్ పక్షానికి నాలుగు ముగింపులున్నాయంటారు. నాకు ఒకటే వచ్చింది. మిగతా మూడింటి కోసం 13 మిషన్లూ మళ్లీ ఆడాలా? (డాలస్)

అక్కర్లేదు, ఆఖరి మిషన్ చివరి రెండు నిమిషాలు చాలు. నాడ్ కథ పూర్తవగానే అయాన్ కేనన్ (అంతరిక్షం నుంచి పేల్చే ఆయుధం) ఎక్కడ పేల్చాలో గేమ్ అడుగుతుంది: వైట్ హౌస్, లండన్ పార్లమెంటు భవనం, ఈఫిల్ టవర్, బ్రాండెన్‌బర్గ్ గేట్. దేన్ని ఎంచుకుంటే ఆ వీడియో వస్తుంది. ఈ తెర మిషన్ గెలిచాకే వస్తుంది కాబట్టి అక్కడ సేవ్ చేసే వీలుండదు. శత్రువు భవనాల్లో ఒక్కదాన్ని మిగిల్చి, చుట్టూ ట్యాంకులు నిలబెట్టి, కొత్త పేరుతో సేవ్ చేయండి. దాన్ని కూల్చి ఒక లక్ష్యం ఎంచుకోండి, వీడియో అయ్యాక అదే సేవ్ లోడ్ చేసి మరో లక్ష్యం. క్విక్ సేవ్ మీద మాత్రం ఆధారపడొద్దు, తర్వాతి క్విక్ సేవ్ దాన్ని తుడిచేస్తుంది.

నాడ్‌కు ప్రత్యర్థి అయిన జీడీఐ వైపు 15వ మిషన్‌లోనూ ఇలాంటిదొకటి దాగి ఉంది. నాడ్ ఆలయాన్ని ట్యాంకులతో కూల్చేస్తే ఒక వీడియో, చివరి దెబ్బ అయాన్ కేనన్‌ది అయితే ఇంకో వీడియో. నిండు బలంతో ఉన్న ఆలయం ఒక్క దెబ్బకు పడకపోవచ్చు. కాబట్టి ముందు ట్యాంకులతో బలం తగ్గించి, వాటిని వెనక్కి లాగి, అప్పుడు కేనన్ వాడండి. ట్యాంకులు వాటంతటవే కాలుస్తూ ఆలయాన్ని పడగొట్టేస్తే ప్రయత్నం బెడిసికొట్టినట్టే. ఎక్కువమందికి ఇక్కడే తప్పుతుంది.

కథ కొనసాగింపు సంగతి అడగలేదు గానీ చెబుతున్నా: 1999లో వచ్చిన టైబీరియన్ సన్ జీడీఐ గెలిచినట్టే మొదలవుతుంది. నాడ్‌తో మీరు ఏ కట్టడం పేల్చినా ఆ ముచ్చట అక్కడితో సరి.

ప్రశ్న: టైబీరియం వార్స్‌లో శ్క్రిన్ గ్రహాంతరవాసుల కథ మెనూలో కనబడటం లేదు. డీఎల్‌సీ (విడిగా అమ్మే అదనపు భాగం) కొనాలా? (వరంగల్)

కొనక్కర్లేదు. జీడీఐ, నాడ్ రెండు కథలూ పూర్తిచేస్తే నాలుగు మిషన్ల శ్క్రిన్ కథ తెరుచుకుంటుంది. జీడీఐ ఆఖరి మిషన్ మొదట్లోనే విడిగా ఒక సేవ్ పెట్టుకోండి. ద్రవ టైబీరియం బాంబు వాడితే ఒక ముగింపు, వాడకుండా గెలిస్తే ఇంకొకటి. బాంబు వాడితే యుద్ధం తొందరగా ముగుస్తుంది, లెక్కలేనంత మంది చస్తారు, జనరల్ గ్రేంజర్ రాజీనామా చేస్తాడు. వాడకపోతే రాజీనామా చేసేది బాంబు కోసం పట్టుబట్టిన జీడీఐ డైరెక్టర్ బాయిల్. బాంబు లేకుండా గెలవడం కష్టమే గానీ కథగా చూస్తే అదే బాగుంటుంది.

ప్రశ్న: స్టార్‌క్రాఫ్ట్ 2: వింగ్స్ ఆఫ్ లిబర్టీలో డాక్టర్ హాన్సన్ పక్షాన నిలబడ్డాను. ప్రోటాస్ (గ్రహాంతర జాతి) మాట విని ఉంటే ముగింపు వేరేగా ఉండేదా? మొదటి నుంచి ఆడే ఓపిక లేదు. (హైదరాబాద్)

కథ ముగింపు మారదు. హాన్సన్ గతి మాత్రం మారుతుంది. ఆమె పక్షాన సేఫ్ హేవెన్ మిషన్ ఎంచుకుంటే ఆమె తన జనంతో క్షేమంగా ఉండిపోతుంది. ప్రోటాస్ మాట విని హేవెన్స్ ఫాల్ ఎంచుకుంటే ఆమెకే జెర్గ్ (శత్రు గ్రహాంతర జాతి) సోకి, కథానాయకుడు రేనర్ చేతిలో చనిపోతుంది. ఇక్కడ గేమ్ చేసిన గమ్మత్తు గమనించారా? మీరు ఎవరిని నమ్మితే వారిదే నిజమైనట్టు కథ వెనక్కి వెళ్లి సర్దుకుంటుంది. అందుకే తప్పు ఎంపిక అంటూ ఏదీ లేదు. టోష్, నోవాల మధ్య ఎంపికా ఇంతే. టోష్ వైపుంటే స్పెక్టర్లు, నోవా వైపుంటే ఘోస్టులు మీ సైన్యంలోకి వస్తారు.

నిజంగా ఆలోచించి ఎంచుకోవాల్సింది చార్ గ్రహం మీద. అక్కడ ఒక మిషన్ ఆడితే జెర్గ్ సొరంగాలు లావాలో మునుగుతాయి, ఇంకోటి ఆడితే ఆకాశంలోని వేదిక కూలి ఎగిరే జెర్గ్ బలం పోతుంది. దేన్ని వదిలేస్తే ఆఖరి మిషన్ ‘ఆల్ ఇన్’లో అదే మీ మీదికి వస్తుంది. ఎగిరే జెర్గ్‌ను తీసేస్తే నైడస్ పురుగులు భూమిలోంచి తన్నుకొస్తాయి, వాటి మీదికి సీజ్ ట్యాంకులు, బాన్షీలు బాగా పనిచేస్తాయి. సొరంగాలు ముంచేస్తే మ్యూటలిస్కులు, బ్రూడ్ లార్డులు లాంటి ఎగిరే జెర్గ్ వస్తాయి, అప్పుడు వైకింగులు, మిసైల్ టరెట్లు ఎక్కువ కావాలి. ఇప్పటివరకు మీ అప్‌గ్రేడ్ డబ్బు దేనిమీద పెట్టారో చూసుకుని, దానికి తగ్గ శత్రువును మిగుల్చుకోండి. నేల మీది సైన్యాన్నే పెంచుకున్నవాళ్లు సొరంగాలు ముంచేసి, తర్వాత గాల్లోంచి వచ్చే దాడికి తట్టుకోలేక మిషన్ కష్టమని తిట్టుకోవడం మామూలే.

కథ పూర్తయ్యాక నౌకలోని మిషన్ ఆర్కైవ్స్‌లోకి వెళ్లి వదిలేసిన మిషన్లు కూడా ఆడుకోవచ్చు. ఈ భాగం 2017 నవంబరు నుంచి ఉచితం.

ప్రశ్న: ఆల్ఫా సెంటారీ గాగ్‌లో (ఆన్‌లైన్ గేముల దుకాణం) కొన్నాను. ఏడు ఫ్యాక్షన్లలో దేనికి ఏ ముగింపు? ప్రవీణ్ లాల్‌తో మొదలుపెట్టాలనుంది. అయితే విండోస్ 11లో తెరవగానే మూసుకుపోతోంది. (విశాఖపట్నం)

మూసుకుపోవడం సంగతి ముందు. గేమ్ ఫోల్డర్లో ఆల్ఫా సెంటారీ పేరుతో సెట్టింగ్స్ ఉండే ఒక ఐఎన్‌ఐ ఫైల్ ఉంటుంది. దాన్ని నోట్‌ప్యాడ్‌లో తెరిచి, చదరపు బ్రాకెట్లలో ఆల్ఫా సెంటారీ అని ఉన్న శీర్షిక కింద కొత్త వరుసలో ‘డైరెక్ట్‌డ్రా=0’ అని ఇంగ్లిష్ అక్షరాల్లో, మధ్యలో ఖాళీ లేకుండా టైప్ చేసి సేవ్ చేయండి. సేవ్ కాకపోతే గేమ్ ప్రోగ్రామ్ ఫైల్స్‌లో ఉందన్నమాట. తీసేసి, సీ డ్రైవ్‌లో సొంతంగా ఒక ఫోల్డర్ పెట్టుకుని అందులో ఇన్‌స్టాల్ చేయండి. ఆట సేవ్‌లు కూడా గేమ్ ఫోల్డర్‌లోనే ఉంటాయి కాబట్టి తీసేసే ముందు ఆ సేవ్స్ ఫోల్డర్ కాపీ చేసుకోవడం మరవొద్దు.

ఇక ముగింపులు. 1999 ఫిబ్రవరిలో వచ్చిన ఈ గేమ్‌లో గెలుపు దారులు నాలుగు: అందరినీ జయించడం, గ్రహ మండలిలో సుప్రీమ్ లీడర్‌గా ఎన్నికవడం, ఇంధన మార్కెట్ మొత్తం గుప్పిట్లో పెట్టుకోవడం, గ్రహ చైతన్యంలో కలిసిపోయే ట్రాన్సెండెన్స్. ఏడు ఫ్యాక్షన్లలో ఎవరైనా ఈ నాలుగింట్లో దేన్నైనా అందుకోవచ్చు. చివర్లో కనిపించేది మీ గెలుపు పద్ధతిని బట్టే గానీ నాయకుణ్ని బట్టి కాదు. మరి ఫ్యాక్షన్ చేసేదేమిటంటే, ఒక దారిని నల్లేరు మీద నడక చేసి మిగతావాటిని ఎక్కుడు దారులు చేస్తుంది.

లాల్‌తో మొదలుపెట్టడం మంచి ఆలోచనే. మండలి ఎన్నికల్లో అతని ఓట్లు రెట్టింపు. ఓట్ల లెక్క జనాభా మీదే నడుస్తుంది, అతని నగరాలకు జనాభా పరిమితి రెండు ఎక్కువ. సుప్రీమ్ లీడర్ కావడానికి మొత్తం ఓట్లలో నాలుగింట మూడొంతులు కావాలి. మండలిని పిలవాలంటే ముందు అందరు నాయకులతో సంపర్కం కుదరాలి, కాబట్టి తొలి దశలోనే పడవలు పంపి మిగతావాళ్ల ఫ్రీక్వెన్సీలు సంపాదించండి. ఎన్నికైనంత మాత్రాన ఆట ముగిసిపోదు. మీ నాయకత్వం ఒప్పుకోనివాళ్లు ఎదురు తిరుగుతారు, వాళ్లను యుద్ధంలో లొంగదీయాలి. శాంతి దారే కదా అని సైన్యం లేకుండా ఓటు పెట్టినవాళ్లు ఇక్కడ దెబ్బతింటారు. లాల్‌కు ఎఫిషియెన్సీ ఒకటి తక్కువ, అందువల్ల రాజధానికి దూరమైన నగరాల్లో ఇంధనం వృథా అవుతుంది. డెమోక్రసీ ఎంచుకుంటే రెండు కలిసి ఆ లోటు పూడుతుంది. పోలీస్ స్టేట్ అతనికి నిషిద్ధం.

మరో నాయకుడు మోర్గన్‌ది డబ్బు దారి. అతని నగరాలు నాలుగో స్థాయి దాటాలంటే హ్యాబ్ కాంప్లెక్స్ (నివాస భవనం) కట్టాలి. జనాభా తక్కువ కాబట్టి మండలిలో ఓట్లూ తక్కువే, ఎన్నికల జోలికి పోకపోవడం మేలు. మార్కెట్ కొనే ప్రక్రియ మొదలుపెట్టాక 20 టర్నులు ఆగాలి, ఈలోగా రాజధాని శత్రువు చేతికి పోతే మొత్తం పోతుంది. డబ్బు కట్టే ముందే రాజధానిలో రక్షణ దళాలు పెంచుకోండి.

ట్రాన్సెండెన్స్‌కు జఖరోవ్ సరైనవాడు: పరిశోధనకు రెండు అదనం, ప్రతి నగరంలో నెట్‌వర్క్ నోడ్ (పరిశోధన పెంచే భవనం) ఉచితం. గూఢచారుల ముందు మాత్రం బలహీనుడు, పైగా ప్రతి నలుగురు పౌరులకు ఒక డ్రోన్ (అసంతృప్త పౌరుడు) అదనంగా పుడుతుంది. ఈ దారిలో పెద్ద ఉచ్చు వాయిస్ ఆఫ్ ప్లానెట్ అనే రహస్య ప్రాజెక్టు (ఆటలో ఒక్కరే కట్టగల పెద్ద కట్టడం). దాన్ని ఎవరు కట్టినా, తగిన విజ్ఞానం ఉన్నవాళ్లందరికీ ఆఖరి ప్రాజెక్టు మొదలుపెట్టే వీలొస్తుంది. మీరు కడితే పొరుగువాడు ముందుగా ముగించే ప్రమాదం ఉంది. అందుకే వాయిస్ పూర్తికాకముందే ఒక నగరంలో సప్లై క్రాలర్లు (వనరులు మోసే వాహనాలు) పోగేయండి. ఒక్కోటి దాని పూర్తి ఖనిజ విలువతో రహస్య ప్రాజెక్టుకు జమ అవుతుంది. మీ ఖనిజాల రాబడి ఎంత తక్కువైతే అంత ముందునుంచీ పోగేయాలి.

మిరియమ్‌కు పరిశోధనలో రెండు తక్కువ, ఆటలో 2110 సంవత్సరం వరకు అది అసలే కదలదు. దాడిలో 25 శాతం బలం ఎక్కువ. ఆమెతో జయించడం తప్ప వేరే దారి వెతకడం దండగ. యాంగ్ కూడా దాదాపు అంతే.

ఫ్యాక్షన్ నిజంగా ముగింపును మార్చేది ఏలియన్ క్రాస్‌ఫైర్ విస్తరణలో. అందులోని గ్రహాంతర వర్గాలకు ప్రత్యేక గెలుపు ఉంది: జనాభా 10కి తగ్గని ఆరు నగరాల్లో సబ్‌స్పేస్ జనరేటర్లు కట్టాలి. వాటిలో కేర్‌టేకర్లకు ట్రాన్సెండెన్స్ పూర్తిగా మూసుకుపోయిన దారి. మీరు మనుషుల పక్షాన ఉండి ఆ ఆఖరి ప్రాజెక్టు మొదలుపెడితే వాళ్లు మీ మీద యుద్ధం ప్రకటిస్తారు.

ప్రశ్న: బియాండ్ ఎర్త్‌లో కవితా ఠాకూర్ ఫ్యాక్షన్ తీసుకున్నాను. ఆమె ముగింపు ఏది? (కర్నూలు)

ఆమెకంటూ ప్రత్యేక ముగింపు లేదు. 2014 నాటి ఈ గేమ్‌లో స్పాన్సర్ (అంటే ఫ్యాక్షన్) ఎవరైనా ముగింపును ఎక్కువగా తేల్చేది అఫినిటీ (మీ జనం నడిచే సిద్ధాంతం), అందులో 13వ స్థాయి. హార్మనీ అయితే మైండ్ ఫ్లవర్ కట్టాలి. ప్యూరిటీ అయితే ఎక్సోడస్ గేట్ కట్టి, భూమి నుంచి వచ్చే 20 మంది వలసదారులను స్థిరపరచాలి. సుప్రీమసీ అయితే ఎమాన్సిపేషన్ గేట్ ద్వారా మొత్తం 1000 బలమున్న సైన్యాన్ని భూమికి పంపాలి. ఆ గేట్ కోసం సైన్యం పంపేస్తే ఇక్కడి నగరాలు ఖాళీ అవుతాయి, ఈ ముగింపులో ఓడేవాళ్లు ఎక్కువగా అక్కడే ఓడతారు. కవితా ఠాకూర్ నగరాల సరిహద్దులు రెట్టింపు వేగంతో పెరుగుతాయి. మూడు అఫినిటీల్లో దేనికైనా పనికొచ్చే లాభమే అది, కాబట్టి మీ చుట్టుపక్కల దొరికే వనరులు చూసి అఫినిటీ ఎంచుకోండి.

ప్రశ్న: స్టెలారిస్ 2500 సంవత్సరానికి చేరగానే స్కోరు పట్టిక వచ్చింది. కథ ముగింపు ఏదీ? (బెంగళూరు)

మామూలు ఆటలో అదే ముగింపు. 2200లో మొదలై 2500లో స్కోరు లెక్కేస్తారు, కొత్త ఆట పెట్టేటప్పుడు ఆ సంవత్సరం మార్చుకోవచ్చు. కథలాంటి ముగింపు కావాలంటే 2021 నాటి నెమెసిస్ డీఎల్‌సీలో ‘బికమ్ ది క్రైసిస్’ తీసుకుని, ఈథరోఫేసిక్ ఇంజిన్ పూర్తిచేసి గెలాక్సీనే పేల్చేయాలి. ఆ దారి చివరికి వచ్చేసరికి మిగతావాళ్లందరూ మీ శత్రువులే. దిగే ముందు సేవ్ పెట్టుకోవడానికి వీలుండాలంటే ఐరన్‌మ్యాన్ పద్ధతి ఆపేసి ఆడండి, ఐరన్‌మ్యాన్‌లో ఒకే సేవ్ ఫైల్ ఉంటుంది, గేమ్ దాన్నే మళ్లీ మళ్లీ తిరగరాస్తుంది. మామూలు సేవ్‌లు డాక్యుమెంట్స్‌లోని పారడాక్స్ ఇంటరాక్టివ్ ఫోల్డర్ లోపల, స్టెలారిస్ కింద దొరుకుతాయి. కొత్త అప్‌డేట్ వచ్చాక పాత సేవ్‌లు సరిగా తెరుచుకోకపోవచ్చు. పెద్ద ఆట నడుమ ఉంటే స్టీమ్‌లో గేమ్ ప్రాపర్టీస్ తెరిచి బీటాస్ విభాగంలో పాత వెర్షన్ ఎంచుకోండి.