ప్రజాభిప్రాయ సేకరణకి వెళ్లేముందు

అల్లుడూ,

విజయనగరంలో కాగితాల కోసం తిరుగుతున్నావని మీ అమ్మ చెప్పింది, సంతోషం. కానీ మీ ఊరి ప్లాంటు మీద ప్రజాభిప్రాయ సేకరణ సభ పెట్టే రోజు ఊరంతా దాన్ని బహిష్కరిస్తారట కదా, ఆ పని మాత్రం చేయకండిరా. పర్యావరణ అనుమతుల మీద కేంద్రం ఇచ్చిన 2006 నోటిఫికేషన్ ప్రకారం ఆ సభకి కోరం, అంటే కనీసం ఇంతమంది ఉండాలన్న లెక్క, అక్కర్లేదు. మీరు రాకపోతే ఖాళీ కుర్చీల ముందే కానిచ్చేస్తారు.

నోటీసుకీ సభకీ మధ్య కనీసం 30 రోజులుండాలి. ప్లాంటు వల్ల పర్యావరణానికి ఏమవుతుందో రాసిన ముసాయిదా నివేదిక కలెక్టరాఫీసులో చూపించాలి, తెలుగు సారాంశంతో సహా. అందులో మీ నేలని ఏమని రాశారో ముందు చూడు. మా సోంపేట బీలని, ఆ చిత్తడి నేలని, థర్మల్ ప్లాంటు కోసం పనికిరాని భూమన్నారు. తుంగ కోసుకునేవాళ్లు, వలేసేవాళ్లు, గేదెల్ని తోలేవాళ్లు ఎవరూ ఆ కాగితంలో లేరు. 2010 జూలై 14న ఇక్కడ కాల్పుల్లో మావాళ్లు పోయారు. అదే రోజు ఢిల్లీలో పర్యావరణ అనుమతుల మీద అప్పీళ్లు వినే అథారిటీ ఆ ప్లాంటు అనుమతి కొట్టేసింది. ఒక్కరోజు ముందొచ్చుంటే అని ఇప్పటికీ నిద్రలో అనుకుంటాను.

మీ నేలనీ పనికిరానిదనకుండా, మీ చెరువుని వానాకాలం, ఎండాకాలం ఫొటోలు తీయించు. గ్రామసభ తీర్మానం పెట్టించు.

ఒక సభలో నేను ముప్పావుగంట దంచేశాను. చప్పట్లే చప్పట్లు! తర్వాత మినిట్స్, అంటే సభలో ఎవరేమన్నారో రాసిన కాగితం, తెప్పిస్తే నా పేరు పక్కన ఒక్క ముక్క: 'స్థానికులకు ఉద్యోగాలు కోరారు.' ఉద్యోగం మాట ఎత్తితే ఒట్టు. రెండు నిమిషాలు చాలు. వీడియో తీస్తారు కాబట్టి పేరు, ఊరు చెప్పి మొదలెట్టు. రాసిందిచ్చి, రెండో కాపీ మీద ముద్ర వేయించుకో. చివర్లో మినిట్స్ తెలుగులో చదివి వినిపించాలి. అప్పటికి జనం భోజనాలకి లేచిపోతారు, లేవనివ్వకు.

ఎకరాలున్నవాళ్లని ముందు కూర్చోబెట్టకు. వాళ్లకి రేటు కుదిరితే నీకు మాట్లాడే మనిషుండడు. పల్లెపేట, మాలపేట ఆడవాళ్లకి మైకివ్వు, బూడిద పడేది వాళ్ల మీదే. 1982లో అమెరికాలో, వారెన్ కౌంటీలో పీసీబీ అనే రసాయన విషం కలిసిన మట్టిని నల్లవాళ్ల ఊరి పక్కన పూడుస్తుంటే, లారీలకి అడ్డం పడుకున్నారు. 500 మందికి పైగా అరెస్టయ్యారు. పూడ్చడం ఆగలేదు గానీ, విషం ఎవరి గుమ్మంలో పోస్తున్నారన్న ప్రశ్న దేశమంతా పాకింది. మన దగ్గర రంగు చూడరు, ఏ పేటో చూస్తారు.

ప్లాంటుకి అనుమతి వస్తే, పర్యావరణ కేసులు వినే చెన్నై హరిత ట్రిబ్యునల్లో అప్పీలుకి 30 రోజులే గడువు. ఇప్పట్నుంచే వకీలుని చూసుకో. ఆదివారం నివేదిక పట్టుకొచ్చేయ్. కళ్లజోడు మార్పించాను, చిన్న అక్షరాలూ కనబడుతున్నాయి.

మీ మావ