బొమ్మలో హెరాయిన్: ‘ది లైనప్’ మీద మీ ప్రశ్నలు

పోయిన నెల పాత క్రైమ్ సినిమాల గురించి రాస్తూ 1958లో వచ్చిన హాలీవుడ్ థ్రిల్లర్ ‘ది లైనప్’ను ఒక్క వాక్యంలో ప్రస్తావించాను. ఉత్తరాల్లో ఎక్కువ భాగం దాని మీదే వచ్చాయి కాబట్టి ఈసారి శీర్షిక మొత్తం దానికే.

ప్రశ్న: ఇంతకీ కథేంటి? అంత పాత బ్లాక్ అండ్ వైట్ స్మగ్లింగ్ సినిమా ఇప్పుడు చూడటానికి ఏముంది? (ఒక పాఠకుడు, తెనాలి)

చాలా ఉందండీ. ఆసియా దేశాలు తిరిగి ఓడెక్కి ఇంటికొచ్చే అమెరికన్ టూరిస్టులు అక్కడ ముచ్చటపడి కొన్న వస్తువుల్లో, వాళ్లకు తెలియకుండానే, ఒక ముఠా హెరాయిన్ దాచి పంపిస్తుంది. పరువుగల మనుషుల సామాను కాబట్టి శాన్ ఫ్రాన్సిస్కో రేవులో ఎవరికీ అనుమానం రాదు. తర్వాత ముఠా మనుషులు ఒక్కొక్కరి దగ్గరికీ వెళ్లి సరుకు రాబట్టుకోవాలి. ఆ పని మీద ఊళ్లో దిగిన ఇద్దరే డాన్సర్, జూలియన్. ఒక నావికుణ్ణి ఆవిరి స్నానాల గదిలో కాల్చేస్తారు. ఇంకో ఇంట్లో కత్తులు, ఫోర్కుల సెట్టు, పిడుల్లో సరుకు. అక్కడ అడ్డొచ్చిన పనివాడి ప్రాణం పోతుంది. మూడోది ఒక చిన్నపిల్ల చేతిలోని జపాన్ బొమ్మ.

సినిమా అంతా ఒక ఎత్తు, ఈ బొమ్మ ఒక ఎత్తు. డాన్సర్ అక్వేరియంలో ఆ తల్లీకూతుళ్లతో మాట కలిపి, మంచివాడిలా నవ్వుతూ వాళ్ల బసదాకా వెళ్తాడు. బొమ్మ గౌను కింద వెతికితే ఏమీ లేదు. పాప ముందే ఆ పొట్లం చూసింది, అది బొమ్మకు వేసే పౌడరేమో అనుకుని బొమ్మ మొహానికి పూసేసింది! వేల మైళ్లు దాటి, కస్టమ్స్ దాటి, రెండు హత్యలు దాటి వచ్చిన ముఠా పథకం ఒక పిల్ల ఆటతో తలకిందులైపోతుంది. ఇంకా గొప్ప సంగతేమిటంటే, సరుకు నిజంగా పోయిందని పైవాణ్ణి నమ్మించాలి, తను కాజేయలేదని సాక్ష్యం కావాలి, అందుకని డాన్సర్ ఆ తల్లినీ పిల్లనీ చంపకుండా వెంట తీసుకెళ్లాల్సి వస్తుంది. అప్పటిదాకా అందర్నీ వణికించినవాడికి అక్కణ్ణుంచి టెన్షన్ మొదలవుతుంది. దొంగల మధ్య నమ్మకమనేది ఎంత బొత్తిగా ఉండదో చెప్పడానికి ఒక్క డైలాగు కూడా వాడలేదు, కథే చెప్పేస్తుంది. దీన్ని గొప్ప సినిమా అంటున్నది అందుకే.

ప్రశ్న: మీ మాట విని పెట్టాను. మొదట్లో పోలీసులు తిరుగుతూనే ఉన్నారు, విసుగొచ్చి ఆపేశాను. ముందుకు వెళ్లమంటారా? (ఒక పాఠకురాలు, ఖమ్మం)

తప్పకుండా వెళ్లండి. మీ విసుగులో న్యాయం ఉంది. అదే పేరుతో అప్పట్లో అమెరికా టీవీ ఛానెల్ సీబీఎస్‌లో వచ్చే పోలీసు సీరియల్‌కు ఇది సినిమా రూపం. సీరియల్ అభిమానుల కోసం ఆ ఇన్‌స్పెక్టర్ల విచారణలన్నీ ఉంచాల్సి వచ్చింది. దర్శకుడు డాన్ సీగల్ మనసు మాత్రం దొంగల మీద ఉంది. విమానం దిగి డాన్సర్ (ఈలై వాలక్), జూలియన్ (రాబర్ట్ కీత్) వచ్చేదాకా ఓపిక పట్టండి, అక్కడ సినిమా మళ్లీ మొదలైనట్టే ఉంటుంది.

వీళ్లిద్దరినీ కాస్త దగ్గరగా గమనించండి. జూలియన్ తుపాకీ ముట్టడు. డాన్సర్‌కు వ్యాకరణం నేర్పిస్తుంటాడు, పెద్దమనిషిలా ఎలా మాట్లాడాలో దిద్దుతుంటాడు. ప్రతి హత్య తర్వాత, చచ్చిపోయినవాడు చివరగా ఏమన్నాడని డాన్సర్‌ను అడిగి నోటుపుస్తకంలో రాసుకుంటాడు. చంపేవాడికంటే ఈ రాసుకునేవాణ్ణి చూస్తేనే నాకు ఎక్కువ భయం వేసింది. వాలక్‌కు ఇది రెండో సినిమా అంటే నమ్మబుద్ధి కాదు.

ప్రశ్న: ఆ రోజుల్లో హాలీవుడ్‌లో సెన్సార్ చాలా గట్టిగా ఉండేదంటారు, మరి హెరాయిన్ కథ ఎలా తీయనిచ్చారు? (ఒక విద్యార్థి, వరంగల్)

మంచి ప్రశ్న. 1934 నుంచి నిర్మాతలు తమకు తామే గట్టిగా అమలు చేసుకున్న ప్రొడక్షన్ కోడ్ మాదకద్రవ్యాల ఊసే ఎత్తనిచ్చేది కాదు. 1946లో కొంచెం సడలించి స్మగ్లింగ్ కథలకు దారి ఇచ్చారు. ఆ సందులోంచి 1948లో ‘టు ది ఎండ్స్ ఆఫ్ ది ఎర్త్’ వచ్చింది, నల్లమందు రవాణా మీద. అందులో అమెరికా నార్కోటిక్స్ బ్యూరో అధిపతి హ్యారీ ఆన్‌స్లింగర్ స్వయంగా తన పాత్రలోనే కనిపిస్తాడు, అంటే అది సగం సినిమా, సగం శాఖ ప్రచారం అనుకోవచ్చు. తర్వాత 1955లో హెరాయిన్ వ్యసనం మీద తీసిన ‘ద మ్యాన్ విత్ ది గోల్డెన్ ఆర్మ్’ కోడ్ ఆమోద ముద్ర లేకుండానే విడుదలైంది, 1956 చివర్లో కోడ్‌నే మార్చాల్సి వచ్చింది. ‘ది లైనప్’ నాటికి గేటు బాగానే తెరుచుకుంది.

అయితే ఒక లోటు చెప్పాలి. ఆ పొడి ఎవరి నరాల్లోకి వెళ్తుందో, వాళ్లేమైపోతారో ఈ సినిమా పెద్దగా పట్టించుకోదు. పైగా ఆ కాలంలో అమెరికాకు చేరిన హెరాయిన్‌లో చాలా భాగం టర్కీ నల్లమందుతో ఫ్రాన్స్‌లోని మార్సెయి దగ్గర తయారై తూర్పు తీరానికి వచ్చేది. సినిమా మాత్రం వేలంతా ఆసియా వైపే చూపిస్తుంది.

ప్రశ్న: అందులో కనిపించే చోట్లు ఇప్పటికీ ఉన్నాయా? త్వరలో మా అమ్మాయి దగ్గరికి కాలిఫోర్నియా వెళ్తున్నాం. (ఒక పాఠకుడు, రాజమహేంద్రవరం)

ముఖ్యమైన రెండూ లేవు. ముఠా పెద్దను డాన్సర్ చక్రాల కుర్చీతో సహా పై అంతస్తు నుంచి కిందున్న ఐస్ స్కేటింగ్ రింక్ మీదకు తోసేసే సూత్రో బాత్స్ అనే పాత వినోద భవనం 1966లో కాలిపోయింది. సముద్రం ఒడ్డున శిథిలాలు మాత్రం చూడొచ్చు, తప్పకుండా వెళ్లండి. చివరి ఛేజ్ జరిగేది అప్పటికింకా కడుతున్న ఎంబార్కడెరో ఫ్రీవే మీద, రోడ్డు గాల్లో ఆగిపోయే చోట కారు అంచున నిలుస్తుంది. 1989 భూకంపంలో దెబ్బతిన్న ఆ ఫ్లైఓవర్‌ను 1991లో కూల్చేయడం మొదలుపెట్టారు. అందుకే ఈ సినిమా ఆ నగరానికి ఒక రికార్డు కూడా.

ప్రశ్న: తెలియకుండా మోసుకెళ్లడం నిజంగా జరుగుతుందా? మా అబ్బాయి వచ్చే నెల దుబాయ్ వెళ్తున్నాడు, వీధిలో వాళ్లు పార్సిళ్లు తెచ్చిస్తున్నారు, కాదనలేకపోతున్నాం. (ఒక తల్లి, జగిత్యాల)

జరుగుతుందమ్మా. ఈ శీర్షికలో అన్నిటికంటే నేను గట్టిగా చెప్పదలచుకున్న జవాబు ఇదే. మన దేశంలో 1985 నాటి మాదకద్రవ్యాల నిరోధక చట్టం (ఎన్‌డీపీఎస్) కింద, సరుకు మీ దగ్గర దొరికితే నేర ఉద్దేశం ఉందనే కోర్టు ముందుగా అనుకుంటుంది, తెలియదని నిరూపించుకోవాల్సిన భారం పట్టుబడ్డవాడి మీదే పడుతుంది. 250 గ్రాముల హెరాయిన్ దాటితే కనీసం పదేళ్ల జైలు. గల్ఫ్ దేశాల్లో ఇంకా కఠినం, సౌదీలో మరణశిక్ష దాకా ఉంది.

హెరాయిన్ సంగతి సరే, మసాలాకు వాడే గసగసాలు కూడా యూఏఈలో నిషేధమే. గసగసాలూ నల్లమందూ ఒకే మొక్కవి కదా. పచ్చళ్లు, పొడులు కట్టేటప్పుడు ఎవరికీ గుర్తుండని విషయం ఇది. ట్రమడాల్, కోడీన్ లాంటి నొప్పి, దగ్గు మందులకూ అక్కడ ఆంక్షలున్నాయి, చీటీ లేకుండా తీసుకెళ్లకూడదు.

సీలు వేసిన డబ్బా ఏదీ తీసుకోకండి. ఇచ్చినవాళ్ల ఎదురుగానే విప్పించి, అబ్బాయి తన చేత్తో మళ్లీ కట్టుకోవాలి. విప్పడానికి మొహం చిట్లించినవాళ్ల పార్సిల్ అక్కడే వాళ్ల చేతికిచ్చేయండి, చుట్టమైనా సరే. మొహమాటం వద్దు.

ప్రశ్న: పిల్లలతో కలిసి చూడొచ్చా? (ఒక పాఠకురాలు, విజయనగరం)

హైస్కూలు పిల్లలైతే చూడొచ్చు. రక్తం పెద్దగా చూపించరు, నిడివి గంటన్నర లోపే. చిన్నపిల్లలకు వద్దు, ఆ పాపను బెదిరించే ఘట్టం పెద్దవాళ్లకే కష్టంగా ఉంటుంది.