వెస్ట్రన్ బూటు సోలు విడిపోయింది: షాపును అడగాలా, కంపెనీనా?

ప్రశ్న: మేము టెక్సాస్‌లో డాలస్ దగ్గర ఉంటాం. మావారు ఐదు నెలల క్రితం ఒక పెద్ద చెయిన్ షాపులో 289 డాలర్లు పెట్టి వెస్ట్రన్ బూట్లు కొన్నారు. వారానికి రెండు మూడు రోజులు ఆఫీసుకు వేసుకెళ్లారు, అంతే. ఇప్పుడు కుడి బూటు ముందు భాగంలో సోలు విడిపోయింది. షాపుకు తీసుకెళ్తే ‘వాపసు గడువు 60 రోజులే, కంపెనీతో మాట్లాడుకోండి’ అన్నారు. కంపెనీకి రాస్తే ‘మా వెబ్‌సైటులో కొన్నది కాదు కాబట్టి కొన్న చోటే అడగండి’ అని జవాబిచ్చారు. ఇంతకీ ఎవరు బాధ్యులు? ఇకమీదట నేరుగా కంపెనీ దగ్గరే కొనడం మంచిదా?

జవాబు: ఇద్దరూ బాధ్యులే, ముందు షాపు. మీకు ఇద్దరూ చెప్పిన సమాధానాలు చట్టం ముందు నిలిచేవి కావు.

షాపువాళ్లు రెండు వేరు వేరు విషయాలను కలిపేశారు. 60 రోజుల వాపసు అనేది షాపు తనంతట తాను ఇచ్చే సౌకర్యం. రంగు నచ్చకపోయినా, కాలికి సరిపడకపోయినా తిరిగి ఇచ్చేయడానికి అది పనికొస్తుంది. బాగున్న సరుకును మనసు మారి తిరిగి ఇస్తే తీసుకోవాలని ఫెడరల్ చట్టంలో గానీ టెక్సాస్ చట్టంలో గానీ లేదు. ఏది కొన్నా మూడు రోజుల్లో తిరిగి ఇవ్వవచ్చని చాలామంది అనుకుంటారు. ఆ నిబంధన మీ ఇంటికొచ్చి అమ్మిన సరుకుకు, హోటలు, కన్వెన్షన్ సెంటర్, ఫెయిర్‌గ్రౌండ్ లాంటి తాత్కాలిక చోట్ల చేసిన అమ్మకాలకు మాత్రమే. ఇంటి దగ్గరైతే 25 డాలర్లు, తాత్కాలిక చోట్లయితే 130 డాలర్లు దాటిన కొనుగోలుకు వర్తిస్తుంది. షాపుకు వెళ్లి కొన్నా, ఆన్‌లైన్‌లో కొన్నా వర్తించదు.

లోపం ఉన్న సరుకు సంగతి వేరు. టెక్సాస్ బిజినెస్ అండ్ కామర్స్ కోడ్ సెక్షన్ 2.314 ప్రకారం, ఒక రకం సరుకును వ్యాపారంగా అమ్మేవాడు అది మామూలు వాడకానికి పనికొచ్చేదిగా ఉంటుందని హామీ ఇచ్చినట్టే లెక్క. నోటితో చెప్పనక్కర్లేదు, కాగితం మీద రాయనక్కర్లేదు. బూట్ల షాపు బూట్ల వ్యాపారి కాబట్టి ఈ హామీ దాని మీదే ఉంటుంది. తయారుచేసింది ఎవరన్నది ఇక్కడ అడ్డం రాదు. ఈ హామీ తప్పినందుకు దావా వేయడానికి సరుకు చేతికొచ్చిన రోజు నుంచి నాలుగేళ్ల గడువు ఉంది. 60 రోజులకూ దానికీ సంబంధం లేదు.

కంపెనీ వైపు కూడా దారి ఉంది. కొనుగోలుదారుకు తయారీదారుతో నేరుగా ఒప్పందం లేకపోయినా ఈ హామీ కింద అడగవచ్చని టెక్సాస్ సుప్రీంకోర్టు 1977లో నోబిలిటీ హోమ్స్ వర్సెస్ షివర్స్ కేసులో తేల్చింది. ఇక పెట్టెలో గానీ వెబ్‌సైటులో గానీ కంపెనీ రాతపూర్వక వారంటీ ఉంటే, మాగ్నుసన్ మాస్ అనే ఫెడరల్ వారంటీ చట్టం కూడా తోడవుతుంది. రాతపూర్వక వారంటీ ఇచ్చిన కంపెనీకి చట్టం కల్పించే హామీని పూర్తిగా తోసిపుచ్చడానికి వీల్లేదు. ‘లిమిటెడ్’ వారంటీ అయితే దాని గడువును కుదించుకోగలదు, అంతే. కాబట్టి ఆ వారంటీ ఎన్నాళ్లో ఈరోజే చదవండి. మీకు ఐదు నెలలు నిండాయి. వారంటీ ఆరు నెలలదైతే చేతిలో ఉన్నది ఒక్క నెల లోపే.

ఆ వారంటీలో ‘అధీకృత డీలరు దగ్గర కొంటేనే’ అనే షరతు ఉంటే ఉండవచ్చు. పెద్ద చెయిన్ షాపు అధీకృత డీలరే అయి ఉంటుంది. కానీ ‘మా వెబ్‌సైటులో కొంటేనే’ అన్న మాట కాగితం మీద లేకుండా నోటితో చెబితే చెల్లదు. ఆ షరతు ఏ వాక్యంలో ఉందో చూపించమని రాతపూర్వకంగా అడగండి.

ఇలాంటి కేసుల్లో ఎక్కువమంది ఓడిపోయేది నోటీసు దగ్గర. సెక్షన్ 2.607 ప్రకారం, లోపం కనబడ్డాక సమంజసమైన సమయంలో అమ్మినవాడికి తెలియజేయకపోతే ఆ లోపం మీద ఏ పరిహారమూ రాదు. షాపులో కౌంటరు దగ్గర నోటితో చెప్పింది రేపు రుజువు కాదు. ఈమెయిలు పంపండి, సర్టిఫైడ్ మెయిల్‌లో ఉత్తరం కూడా పంపండి. షాపుకు ఒకటి, కంపెనీకి ఒకటి, రెండూ ఒకే రోజున, కొన్నవారు కాబట్టి మీవారి పేరుతో పంపండి. షాపు బ్రాంచికి కాక, టెక్సాస్ సెక్రటరీ ఆఫ్ స్టేట్ దగ్గర నమోదైన రిజిస్టర్డ్ ఏజెంటు (కంపెనీ తరఫున చట్టపరమైన కాగితాలు అందుకునేవారు) చిరునామాకు పంపడం మేలు.

ఆ ఉత్తరాలు వెళ్లేదాకా బూటును చెప్పులు కుట్టేవారి దగ్గరికి తీసుకెళ్లవద్దు. జిగురు పెట్టి అతికించారంటే లోపం సాక్ష్యం పోతుంది, ‘మీరే పాడుచేశారు’ అనే మాటా పడుతుంది. బూటు తొడగడం కూడా ఆపండి. రెండు బూట్ల సోళ్లు, మడమ అంచు, వెల్టు (సోలును పైతోలుతో కలిపే అంచు పట్టీ) చుట్టూ కుట్టు, లోపలి ముద్ర, సైజు, మోడల్ నంబరు, అన్నీ పగటి వెలుగులో ఫొటోలు తీయండి. రసీదు పోతే కార్డు స్టేట్‌మెంటు, షాపు లాయల్టీ ఖాతాలో కొనుగోలు చరిత్ర చాలు.

వాళ్లు చెప్పబోయే జవాబు ఒకటే: ‘వాడకంతో వచ్చిన అరుగుదల’. దానికి సిద్ధంగా ఉండాలి. అరుగుదల అంటే మడమ బయటి అంచు కరిగిపోవడం, సోలు మధ్యలో పలచబడటం, తోలు మడత పడటం. ఇవి లోపాలు కావు. కొత్త బూటులో మడమ కాస్త జారడమూ లోపం కాదు. సోలు మందం దాదాపు కొత్తదానిలాగే ఉండి, వెల్టు కుట్టు తెగో, జిగురు పొర శుభ్రంగా ఊడో, అదీ ఒక్క కాలికే అయి, రెండో బూటు అంతే వాడకంలో చెక్కుచెదరకుండా ఉంటే, అది తయారీ లోపాన్నే చూపిస్తుంది. మీరు చెప్పినదాన్ని బట్టి మీది ఈ కోవలోదే. అయితే వాళ్లు ఒకటి అడుగుతారు: తడిసిన బూట్లను హీటరు పక్కనో, ఎండలో నిలిపిన కారు డిక్కీలోనో ఆరబెట్టారా అని. వేడికి జిగురు వదులుతుంది, తోలు ముడుచుకుంటుంది. అలా జరిగి ఉంటే కేసు బలహీనమే, నాకు ముందే చెప్పండి.

ఉత్తరంలో ఏం ఉండాలి? కొన్న తేదీ, ధర, లోపం ఏమిటి, ఎప్పుడు కనబడింది, షాపులో ఎవరితో ఏ రోజు మాట్లాడారు, ఏం కోరుతున్నారు (కొత్త జత, లేదా 289 డాలర్లు, పన్నుతో సహా). టెక్సాస్‌లో డీటీపీఏ అనే వినియోగదారుల చట్టం ఉంది. పైన చెప్పిన హామీ తప్పడం కూడా దాని కిందికి వస్తుంది. ఆ చట్టం కింద దావా వేయాలంటే 60 రోజుల ముందు నోటీసు ఇవ్వాలి. అందులో ఫిర్యాదు, నష్టం ఎంతో అంకెల్లో, ఖర్చులు స్పష్టంగా ఉండాలి. ఆ పేరు ఉత్తరంలో కనబడితే వాళ్ల లీగల్ విభాగం దాకా వెళ్తుంది. గెలిస్తే లాయరు ఫీజు కూడా అవతలివాళ్లే కట్టాలి. తెలిసే చేశారని రుజువైతే నష్టానికి మూడు రెట్ల దాకా రావచ్చు. మీ విషయంలో అంత దూరం వెళ్లదనే నా అభిప్రాయం, ఉత్తరంలో ఆ బెదిరింపు పెట్టవద్దు. డీటీపీఏ కింద గడువు రెండేళ్లు, నాలుగు కాదు.

60 రోజులైనా కదలిక లేకపోతే చిన్న మొత్తాల దావాలు చూసే జస్టిస్ కోర్టు ఉంది. 20,000 డాలర్ల దాకా అక్కడే, లాయరు లేకుండానే వేసుకోవచ్చు. కోర్టు నోటీసు అందాక అవతలివాళ్లు 14వ రోజు ముగిసేలోగా జవాబు దాఖలు చేయాలి.

క్రెడిట్ కార్డు దారి మీకు ఇప్పుడు పెద్దగా పనికిరాదు. బిల్లింగ్ పొరపాటుగా వివాదం వేయడానికి మొదటి స్టేట్‌మెంటు నుంచి 60 రోజులే. సరుకులో లోపం ఉంది కాబట్టి కట్టనని బ్యాంకుతో వాదించే హక్కు వేరుగా ఉంది గానీ, అది ఇంకా కట్టని బాకీ మేరకే. ప్రతినెలా పూర్తిగా కట్టేసేవారికి మిగిలేది ఏమీ లేదు.

ఇక రెండో ప్రశ్న. ధర కోసమైతే నేరుగా కొనడం వల్ల లాభం తక్కువ. చాలా బ్రాండ్ల బూట్లు చెయిన్‌లోనూ కంపెనీ వెబ్‌సైటులోనూ ఒకే ధరకు కనిపిస్తాయి. ఇది కుమ్మక్కు కాదా అని కొందరు అడుగుతారు. కనీస ధరను కంపెనీ డీలర్లకు నిర్ణయించడం దానంతటదే నేరం కాదని, దాని ప్రభావాన్ని బట్టి ఒక్కో కేసు చూడాలని అమెరికా సుప్రీంకోర్టు 2007లో లీగిన్ కేసులో చెప్పింది. ఆ కేసు పుట్టింది డాలస్ దగ్గరి లూయిస్‌విల్‌లోని ఒక చిన్న షాపు నుంచే, సరుకూ తోలు వస్తువులే. అయితే ‘400 డాలర్ల బూటు, ఈరోజు 240’ అని రాసి ఎప్పుడూ 400కు అమ్మకపోతే అది డీటీపీఏ కింద తప్పే.

హక్కుల విషయంలో అసలు తేడాలు ఇవి. షాపులో తొడిగి చూస్తారు. అది మంచిదే, కానీ సెక్షన్ 2.316 ప్రకారం, కొనే ముందు మీరు పరిశీలించిన సరుకులో ఆ పరిశీలనతో బయటపడాల్సిన లోపాలకు హామీ వర్తించదు. కుట్టు వంకర, రెండు బూట్ల ఎత్తులో తేడా, తోలు మీద మచ్చ లాంటివి షాపులోనే చూసుకోవాలి. సోలు లోపలి జిగురు సంగతి చూస్తే తెలిసేది కాదు కాబట్టి మీకు ఇబ్బంది లేదు. క్లియరెన్స్ అరలో ‘యాజ్ ఈజ్’ అని స్పష్టంగా రాసి ఉంటే హామీ పోయినట్టే. డబ్బు కట్టాక చేతికొచ్చిన రసీదు వెనక చిన్న అక్షరాల్లో మాత్రమే ఉన్న మాట అంత బలంగా నిలవదు.

షాపుతో ఇంకో మేలు, మాట్లాడే మనిషి ఉంటాడు. ‘రోజుకు పది గంటలు కాంక్రీటు మీద నిలబడాలి, నూనె పడినా జారకూడదు’ అని చెప్పి, అతను ఎంచి ఇచ్చిన బూటు ఆ పనికి పనికిరాకపోతే, సెక్షన్ 2.315 కింద ప్రత్యేక హామీ తప్పినట్టు. వెబ్‌సైటులో ఆ మాట చెప్పే చోటు ఉండదు, చాట్ ఉంటే ఆ సంభాషణ దాచుకోండి. షాపు మీ ఊళ్లోనే ఉంటుంది కాబట్టి దావా కూడా దగ్గర్లోనే. వెబ్‌సైటులో ‘అంగీకరిస్తున్నాను’ అని నొక్కిన షరతుల్లో తరచుగా ఆర్బిట్రేషన్ క్లాజు, అంటే కోర్టుకు పోకుండా ప్రైవేటు మధ్యవర్తి దగ్గరే తేల్చుకోవాలనే షరతు, ఉంటుంది. చిన్న మొత్తాల దావాలను (స్మాల్ క్లెయిమ్స్) దాన్నుంచి మినహాయించారేమో, ఆ షరతు వద్దని నిర్ణీత రోజుల్లో రాసే వీలుందేమో చూడండి.

నేరుగా కొంటే మీ ముందు ఒకే పక్షం ఉంటుంది. అమ్మింది వాళ్లే, చేసింది వాళ్లే, ‘అక్కడికెళ్లండి’ అనడానికి వీలుండదు. ఆర్డరు ఆలస్యమైతే ఫెడరల్ ట్రేడ్ కమిషన్ నియమం అండగా ఉంటుంది. చెప్పిన గడువులోగా, గడువు చెప్పకపోతే 30 రోజుల్లో, పంపాలి. కుదరకపోతే కొత్త తేదీ చెప్పి, రద్దు చేసుకునే అవకాశం ఇవ్వాలి. కొత్త ఆలస్యం 30 రోజుల లోపైతే మీరు ఊరకున్నా ఒప్పుకున్నట్టు లెక్క. అంతకు మించితే మీరు ఒప్పుకోనంతవరకు ఆర్డరు రద్దే. అమ్మినవాళ్ల సొంతది కాని, బ్యాంకు కార్డుతో కట్టిన డబ్బు ఏడు పనిదినాల్లో వెనక్కి రావాలి. కొలతలిచ్చి కుట్టించుకునే బూట్లకు వారాలు, నెలలు పడతాయి కాబట్టి ఈ తేదీలు రాసి పెట్టుకోండి.

తోలు పేరు దగ్గర రెండు చోట్లా జాగ్రత్త. ఆవుతోలు మీద ఉష్ట్రపక్షి చర్మంలా గుబ్బలు ముద్రించి అమ్మేటప్పుడు, అది ముద్ర అని చెప్పాలని ఫెడరల్ ట్రేడ్ కమిషన్ మార్గదర్శకాలు అంటున్నాయి. ‘ప్రింట్’ అన్న మాట కోసం చూడండి. ‘ఫుల్ క్విల్’ (గుబ్బలు నిండుగా ఉన్న అసలు ఉష్ట్రపక్షి తోలు) అని రాసి అమ్మితే ఆ వర్ణనే హామీ. ఆ పేజీని కొన్న రోజే ఫొటో తీసి పెట్టుకోండి, తర్వాత మార్చేస్తారు. మొసలి, కొండచిలువ తోలు బూట్లను మెక్సికో తయారీదారు దగ్గర నేరుగా తెప్పిస్తే సైటిస్ (ముప్పున్న జీవుల వ్యాపారాన్ని నియంత్రించే అంతర్జాతీయ ఒప్పందం) పర్మిట్లు, ఫిష్ అండ్ వైల్డ్‌లైఫ్ శాఖ డిక్లరేషన్ కావాలి. పర్మిటు లేకపోతే సరిహద్దులోనే స్వాధీనం చేసుకుంటారు, డబ్బూ బూటూ రెండూ పోతాయి. 800 డాలర్ల లోపు సరుకుకు ఉన్న సుంకం మినహాయింపు కూడా 2025 ఆగస్టు 29 నుంచి ఆగిపోయింది.

ఒక్కటి మాత్రం వేరుగా చూడాలి. సోలు ఊడి జారిపడి దెబ్బ తగిలితే, టెక్సాస్‌లో కేవలం అమ్మిన షాపును చాలా సందర్భాల్లో చట్టం కాపాడుతుంది, తయారీదారునే పట్టుకోవాలి. తయారీదారు దివాలా తీస్తేనో, ఇక్కడి కోర్టు పరిధికి చిక్కకపోతేనో, లోపం షాపుకు ముందే తెలిసి ఉంటేనో ఆ రక్షణ తప్పుతుంది. మీవారికి దెబ్బ ఏమైనా తగిలి ఉంటే, ఎంత చిన్నదైనా, ఆ సంగతిని ఈ ఉత్తరంలో కలపకుండా ముందు ఒక లాయరును కలవండి. గాయానికి గడువు రెండేళ్లే.