వడికి చూపిస్తే నటించినట్టా?

సందేహం: మా అమ్మ నూలు వడుకుతుంది. పొందూరు ఖద్దరు మీద తీసిన ఒక డాక్యుమెంటరీలో ఆమెను చూపించారు. చివర్లో అమ్మ పేరు ‘నటీనటులు’ కింద వేశారు. ‘నేనేం నటించానమ్మా?’ అని ఆవిడ బాధపడుతోంది. కెమెరా కోసం ఒకే పని మూడుసార్లు చేయించారు కాబట్టి అదీ నటనే అంటాడు తమ్ముడు. ‘స్వయంగా నటించారు’ అంటే సరిపోతుందా?
– ఒక పాఠకురాలు, పొందూరు, శ్రీకాకుళం జిల్లా

సమాధానం: మీ అమ్మగారి బాధ న్యాయమైనదే. సంస్కృతంలో ‘నట’ ధాతువుకు నర్తించడం, అభినయించడం అని అర్థం. తెలుగు వాడుకలోకి వచ్చేసరికి ‘నటించు’కు ఇంకో అర్థం గట్టిగా పాతుకుపోయింది. ‘నా దగ్గర నటించకు’ అంటే లేనిది ఉన్నట్టు చూపించకు అనే కదా! ఏళ్ల తరబడి వడికిన మనిషి చెవికి ఆ మాట గుచ్చుకోదా మరి.

‘స్వయంగా నటించారు’ అంటే డూప్ లేకుండా చేశారని అర్థమొస్తుంది. ‘తన పాత్రలో తానే’ అని కొందరు రాస్తారు, అదీ కుదరదు. పాత్ర అన్నాక రాసినవారొకరు, ధరించేవారొకరు ఉంటారు. మీ అమ్మగారిని ఎవరూ రాయలేదు.

ఇక తమ్ముడి ప్రశ్న. దీనికి తెలుగులో చక్కటి మాట ఉంది: ‘చేసి చూపించడం’. వాలుగ చేప దవడ ఎముకతో కొండపత్తిని దువ్వి, ఏకి, ఏకు చుట్టి, దారం తీయడం మీ ఊళ్లో రోజూ జరిగే పని. కెమెరా వాళ్లు ‘ఇంకోసారి’ అంటే ఆవిడ ఇంకోసారి వడికి చూపించారు. మూడోసారి వచ్చిన దారమూ దారమే, దాన్నీ మగ్గం మీద నేయొచ్చు. చూసేవాళ్లు ఉన్నంత మాత్రాన పని అబద్ధమైపోదు.

నటన అనదగ్గ సందర్భాలూ లేకపోలేదు. 1922లో రాబర్ట్ ఫ్లాహర్టీ కెనడా ఉత్తరాన ఇన్యూట్ ప్రజల మీద తీసిన ‘నానూక్ ఆఫ్ ద నార్త్’ కూడా డాక్యుమెంటరీగానే పేరుపడింది. అందులో నానూక్‌గా కనిపించిన ఆయన అసలు పేరు అల్లకరియల్లక్. సినిమాలో ఆయన భార్యగా చూపించినావిడ నిజానికి భార్య కాదు. పేరు వేరు, సంసారం వేరు. అక్కడ ‘నటించాడు’ అంటే తప్పు లేదు.

మరి ఏమనాలి? జనం నోట్లో జవాబు ఎప్పటినుంచో ఉంది. ‘మా అమ్మ టీవీలో వచ్చింది’, ‘కనిపించింది’ అంటాం. పేపర్లో ఫోటో వేస్తే ‘పేపర్లో పడింది’ అంటాం. ‘టీవీలో నటించింది’ అని సీరియల్లో వేషం వేసినవాళ్లనే అంటాం. వాడుక భాష కోసం జీవితమంతా పోరాడిన గిడుగు రామమూర్తి గారు మీ జిల్లాలోనే పుట్టారు. ఆ జిల్లా వాళ్ల మీద తీసిన సినిమాకు పుస్తకాల్లోంచి మాట వెతుక్కోనక్కర్లేదు.

‘ఈ చిత్రంలో కనిపించినవారు’ అని వేస్తే చాలు. నన్నడిగితే, పనిని బట్టి ‘ఏకినవారు’, ‘వడికినవారు’, ‘నేసినవారు’ అని వేసి, కింద పేర్లు ఇవ్వడం ఇంకా బాగుంటుంది. తీసినవాళ్లకు ఈ సంగతి రాసి పంపండి. మార్చాల్సింది చివర పేర్లున్న ఆ ఒక్క కార్డే.