అడవిదున్నల్ని కాపాడటం అంటే ఫీల్డ్‌లో అసలు ఏం చేస్తారు?

మన వైజాగ్ జూలో అడవిదున్నని చూసి చాలామంది ఇదే అడుగుతుంటారు, వేటగాళ్ళని పట్టుకుంటే సరిపోదా అని. సరిపోదండి. వేట సంగతి ఉండనే ఉంది, అడవి అంతా తిరిగి ఉచ్చులు, అడవిపందుల కోసం పెట్టిన కరెంటు తీగలు వెతికి తీసేయాలి, అది రోజూ ఉండే పని.

కానీ నాకు అన్నిటికన్నా ముఖ్యం అనిపించేది ఊళ్ళో పశువులకి టీకాలు వేయడం. ఎందుకంటే అడవిదున్న కూడా ఆవుకి దగ్గరి బంధువే కదా, ఊరి పశువులు మేతకి అడవిలోకి వెళ్ళి అక్కడే గడ్డి తిని అదే చెరువులో నీళ్ళు తాగితే గాలికుంటు లాంటి జబ్బులు వీటికీ అంటుకుంటాయి, అడవిలో మందకి మందు వేసేదెవరు చెప్పండి! 1968లో కర్ణాటక, తమిళనాడు సరిహద్దులోని బందీపూర్, ముదుమలై అడవుల వైపు రిండర్‌పెస్ట్ అనే పశువుల వైరస్ జబ్బు వచ్చి చాలా దున్నలు చచ్చిపోయాయి. ఆ జబ్బు 2011లో ప్రపంచం మొత్తం మీద పోయింది, అది కూడా పశువులకి టీకాలు వేయబట్టే.

దున్నలు ఎన్ని ఉన్నాయో లెక్కపెట్టడానికి కెమెరా ట్రాప్‌లు (జంతువు ముందుకి వస్తే వాటంతటవే ఫోటో తీసే కెమెరాలు), పేడ గుర్తులు చూస్తారు. గడ్డి పెరగనివ్వని లాంటానా అనే కలుపు పొదల్ని పీకేస్తారు.

ఒకచోట పూర్తిగా పోతే వేరే అడవి నుంచి తెస్తారు కూడా, మధ్యప్రదేశ్‌లోని బాంధవ్‌గఢ్ అడవిలో అలాగే పోతే 2011లో అదే రాష్ట్రంలోని కాన్హా అడవి నుంచి 19 దున్నల్ని మత్తుమందిచ్చి లారీల్లో తెచ్చి వదిలారు, తర్వాత అక్కడ దూడలు కూడా పుట్టాయి. మన పాపికొండల్లో ఇంకా ఉన్నాయి కాబట్టి ముందు ఆ చుట్టుపక్కల ఊళ్ళలో టీకాలు ఆగకుండా చూడాలి.