పాలక్కాడ్‌లో వరి పొలం... అందులో ఇల్లు కట్టుకోవచ్చా?

ప్రశ్న: మాది తెనాలి, మావారిది కేరళలోని పాలక్కాడ్ జిల్లా. 2014లో అన్నదమ్ముల పంపకాల్లో ఆయన వాటాకు పంచాయతీ పరిధిలో 18 సెంట్లు వచ్చింది. పన్ను రసీదులో ‘నిలం’ (వరి నేల) అని ఉంది. పదేళ్లుగా నాట్లు లేవు, తుంగ పెరిగిపోయింది. మాకు హైదరాబాద్‌లో ఒక ఫ్లాట్ ఉంది. రిటైరయ్యాక ఆ ఊళ్లోనే చిన్న ఇల్లు వేసుకోవాలని మా కోరిక. ముందు మట్టి తోలించేసి, తర్వాత జరిమానా కట్టేస్తే సరిపోతుందని అక్కడి బ్రోకరు అంటున్నాడు. నిజమేనా?

జవాబు: నిజం కాదమ్మా. చేతిలో ఉత్తర్వు లేకుండా ఆ పొలంలో ఒక్క ట్రాక్టరు మట్టి కూడా దింపించకండి. మన వైపు రుసుం కట్టి వ్యవసాయ భూమిని మార్పించుకోవడం అలవాటైనవాళ్లు కేరళలోనూ అంతేననుకుంటారు. అక్కడ 2008 ఆగస్టు 12 నుంచి వరి పొలాలు, చిత్తడి నేలల సంరక్షణ చట్టం అమల్లో ఉంది. దాన్ని మీరి పొలం పూడిస్తే ఆరు నెలల నుంచి రెండేళ్ల దాకా జైలు, 50 వేల నుంచి లక్ష రూపాయల దాకా జరిమానా. తోలిన మట్టిని తీయించి పొలాన్ని మునుపటిలా చేయించే అధికారం కలెక్టరుకుంది, ఆ ఖర్చూ మీదే. పైగా అలా పూడ్చిన చోట పంచాయతీ ఇంటికి పర్మిట్ ఇవ్వకూడదని చట్టంలోనే ఉంది. ఇవన్నీ అనుభవించాల్సింది బ్రోకరు కాదు, మీవారు.

ఇంత కఠినం ఎందుకంటే, 1970లలో ఎనిమిది లక్షల హెక్టార్లు దాటి ఉన్న అక్కడి వరి సాగు దాదాపు రెండు లక్షలకు పడిపోయింది. వానాకాలంలో నీళ్లు నిలబెట్టుకుని ఎండాకాలం చుట్టుపక్కల బావులకు ఊట అందించేది ఆ మడులే. మీ పక్క రైతు అభ్యంతరం చెబితే కక్షతో చెప్పాడనుకోకండి. మీరు మెరక వేస్తే నీళ్లు తన్నుకుని పోయేది అతని మడిలోకే.

ఇక మీ పని. కృషి భవన్‌కు (అక్కడి వ్యవసాయాధికారి కార్యాలయం) వెళ్లి, మీ సర్వే నంబరు ‘డేటా బ్యాంక్’లో ఉందో లేదో చూసి నకలు తీసుకోండి. చట్టం వచ్చిన నాటికి వరి పండే, పండించగల పొలాల జాబితా అది. రసీదులో ‘నిలం’ అని ఉండటం వేరు, ఆ జాబితాలో ఉండటం వేరు. మీ దారి ఏదో తేలేది ఈ నకలుతోనే.

జాబితాలో లేకపోతే మీ అదృష్టం. దాన్ని నోటిఫై కాని భూమి అంటారు. భూ స్వభావం మార్పు కోసం ఫారం 6లో ఆర్డీవోకు దరఖాస్తు చేయాలి. ఇప్పుడు కొన్నిచోట్ల డిప్యూటీ కలెక్టర్లకూ ఆ అధికారం ఇచ్చారు. 25 సెంట్ల లోపు భూమికి రుసుం మినహాయింపు ఉంది. కానీ 2017 డిసెంబరు 30 తర్వాత పెద్ద కమతాన్ని ముక్కలు చేసి తెచ్చుకుంటే అది వర్తించదు. మీ పంపకం 2014 నాటిది కాబట్టి ఆ దస్తావేజు, అప్పటి పన్ను రసీదులు భద్రంగా ఉంచుకోండి.

జాబితాలో ఉంటే రెండు మార్గాలు. పొరపాటున చేర్చారనుకుంటే, తీసేయమని ఫారం 5 పెట్టాలి. అక్కడ తేలాల్సింది 2008 ఆగస్టు 12 నాటికి ఆ నేల వరికి పనికొచ్చేదా కాదా అన్నదే. ‘పదేళ్లుగా నాట్లు లేవు’ అన్న మాట మీకు అక్కరకు రాదు. సాగుకు పనికొస్తూ బీడు పెట్టినా అది వరి పొలమేనని చట్టం నిర్వచనం. అప్పటికే మెరక వేసి ఉందనో, కొబ్బరి చెట్లు ముదిరి ఉన్నాయనో చూపించగలిగితే నిలబడుతుంది. దానికి రాష్ట్ర రిమోట్ సెన్సింగ్ కేంద్రం నుంచి పాత ఉపగ్రహ చిత్రాల నివేదిక తెప్పించమని దరఖాస్తుతోపాటే అడగండి. వ్యవసాయాధికారి రాసిన రెండు ముక్కలు చూసి, స్థలం పరిశీలించకుండా, ఉపగ్రహ చిత్రాలు తెప్పించకుండా ఇచ్చిన తిరస్కరణలను కేరళ హైకోర్టు ఎన్నోసార్లు కొట్టేసింది.

అది నిజంగా వరి పొలమే అయితే ఫారం 5లో అబద్ధం రాయకండి. సొంత ఇల్లు కట్టుకునేవారికి చట్టమే ఒక వెసులుబాటు ఇచ్చింది. పంచాయతీలో 10 సెంట్లు, మునిసిపాలిటీలోనైతే 5 సెంట్ల వరకు పూడ్చుకోవచ్చు. అంటే మీ 18 సెంట్లలో 10కి మించి దొరకదు, మిగతా 8 మడిగానే ఉండాలి. దరఖాస్తు మొదట స్థానిక కమిటీకి వెళ్తుంది. దానికి కన్వీనరు వ్యవసాయాధికారి. కమిటీ సిఫారసు చేస్తే ఆర్డీవో అధ్యక్షతన ఉండే జిల్లా స్థాయి కమిటీ నిర్ణయిస్తుంది. వాళ్లు నాలుగు చూస్తారు: పక్క పొలాల సాగుకూ పర్యావరణానికీ నష్టం రాకూడదు, ఇల్లు మీ సొంతానికే కావాలి, నాలుగు వైపులా వరి పొలాలే ఉన్న మడి కాకూడదు, ఆ జిల్లాలో మీకుగానీ మీ కుటుంబానికిగానీ ఇంటికి పనికొచ్చే వేరే స్థలం ఉండకూడదు.

హైదరాబాద్ ఫ్లాట్ గురించి భయపడకండి. చట్టం అడిగేది ఆ జిల్లాలో ఉన్న స్థలం గురించి. నాకు సందేహమల్లా తరవాడు, అంటే మీవారి పూర్వీకుల ఉమ్మడి ఇంటి మీదే. పంపకాల్లో మీవారికి ఆ పెరట్లో ‘పురయిడం’ (ఇల్లు కట్టుకోదగ్గ మెరక నేల) అని రాసిన ముక్క ఏదైనా వచ్చిందా? వచ్చి ఉంటే దాచకండి, విలేజ్ ఆఫీసు రికార్డులో అది బయటపడుతుంది. నిజానికి అలాంటి ముక్క ఉంటే ఇల్లు అక్కడే కట్టుకోండి, ఈ 18 సెంట్లు మడిగానే ఉంచి నాట్లు వేయించండి. మీ చేతి డబ్బుకూ, పక్క రైతుతో మాటకూ అదే క్షేమం.

ముందు డేటా బ్యాంక్ నకలు, పంపకాల దస్తావేజు, ఈ ఏడాది పన్ను రసీదు, పొలం నాలుగు వైపుల ఫొటోలు సిద్ధం చేసుకోండి. అవి పట్టుకుని పాలక్కాడ్‌లో రెవెన్యూ కేసులు చూసే వకీలు దగ్గర కూర్చుంటే, ఏ ఫారం పెట్టాలో ఆ పూటే తేలుతుంది.